బండ పడితే ఎవరి ఖాతా?

మా ఊళ్ళో బోరు వేయించిన రోజు నాకు బాగా గుర్తు. అప్పటికి నేను ఇంజనీరింగులో చేరి ఏడాది. అంటే లోకంలో ఉన్న ప్రతి విషయం మీదా ఒక అభిప్రాయం ఉండే వయసన్నమాట :-) రిగ్గు బండి రాత్రి పదింటికి వచ్చింది. డ్రిల్లు దిగకముందే ఏజెంటు మా నాన్నతో లెక్క తేల్చుకున్నాడు. "సారూ, మూడొందల ఫీట్ల దాకా ఒక రేటు. దాటితే ప్రతి వందకీ రేటు మారుతది. కేసింగు ఎంత దిగుతే అంత, దాని పైసలు వేరే. నీళ్ళు పడకపోతే మాకు సంబంధం లేదు."

నాకు ఒళ్ళు మండింది. "నీళ్ళు పడకపోయినా డబ్బులివ్వాలా? ఇదేం న్యాయం నాన్నా?" అన్నాను. మా నాన్న నా వంక జాలిగా చూసి, "భూమి నాది. లోపల ఏమున్నదో నాకే తెల్వదు. ఆయనకెట్ల తెలుస్తది?" అన్నాడు.

నాలుగొందల ఇరవై అడుగులు వేశాం. తేమ కూడా తగల్లేదు. ఏజెంటుకి లెక్క ప్రకారం డబ్బులిచ్చి, టీ తాగించి పంపించాం.

ఆ మాట విలువ నాకు మరో పదిహేనేళ్ళకి గానీ అర్థం కాలేదు. అప్పుడు నేనొక ఫిక్స్‌డ్ ప్రైస్ ప్రాజెక్టులో ఉన్నాను. కస్టమరు (పేరెందుకు లెండి) దగ్గరున్న పాత సిస్టంలోంచి కొత్తదాంట్లోకి డేటా మార్చాలి. "డేటా శుభ్రంగా ఉంది" అని వాళ్ళ కాగితంలో ఒక వాక్యం. ఆ కిందే ఇంకో వాక్యం: "బిడ్డరు అన్నీ స్వయంగా పరిశీలించుకుని బాధ్యత వహించవలెను". పని మొదలెట్టాక చూస్తే ఒకే మనిషికి మూడు పుట్టినరోజులు, ఫోన్ నంబరు ఉండాల్సిన చోట అడ్రసులు, ఎవరో ఎప్పుడో రాసి వదిలేసిన ట్రిగ్గర్లు. ఆరు నెలల పని పదహారు నెలలైంది. అదనంగా పైసా రాలేదు. మా మేనేజరుకి ఉద్యోగం పోయింది.

ఆ ఉక్రోషంతో, అసలు ఈ గొడవ మనకంటే ముందు ఎవరికైనా వచ్చిందా అని వెతకడం మొదలుపెట్టాను. వచ్చిందండీ. సివిల్ ఇంజనీర్లకి నూటయాభై ఏళ్ళుగా వస్తూనే ఉంది. నేల కింద ఏముందో చూడకుండా ధర చెప్పి, తవ్వాక గుండెలు బాదుకునే వ్యాపారం వాళ్ళది. ఆ బాదుకోవడంలోంచే ఒక చిన్న క్లాజు పుట్టింది. ఆ కథే ఈ టపా.

ముందు లండను. థేమ్స్ నది మీద పాత బ్లాక్‌ఫ్రయర్స్ వంతెన తీసేసి కొత్తది కట్టాలని నగర కార్పొరేషను అనుకుంది. డిజైను జోసెఫ్ క్యూబిట్‌ది. కాంట్రాక్టరు థార్న్. నదిలో పునాదులు వెయ్యాలంటే నీళ్ళని ఆపాలి కదా, దానికి ఇనుప కైసన్లు (నదిలోకి దింపే పెద్ద పెట్టెలనుకోండి) వాడాలని ఇంజనీరు గీసిన ప్లాన్లలోనే ఉంది. థార్న్ అలాగే చేశాడు. తీరా చూస్తే అవి ఆ నది ధాటికి పనికిరాలేదు. పద్ధతి మార్చుకుని, పోటు లేనప్పుడు చూసుకుని, తంటాలు పడి పని ముగించాడు. 1869లో విక్టోరియా రాణి వచ్చి వంతెన ప్రారంభించింది. థార్న్ మాత్రం ఆ వృథా అయిన పనికీ, కాలానికీ డబ్బులడిగాడు. "ప్లాను మీది. నేను మీరు గీసినట్టే చేశాను. ప్లాను పనికిరాకపోతే నష్టం నాకెందుకు?"

కేసు హౌస్ ఆఫ్ లార్డ్స్ దాకా పోయింది. 1876లో తీర్పు. థార్న్ ఓడిపోయాడు. మా ప్లాను ప్రకారం కట్టొచ్చు అని కార్పొరేషను ఎక్కడా హామీ ఇవ్వలేదు, సంతకం పెట్టేముందు అది సాధ్యమో కాదో నువ్వే కనుక్కోవాల్సింది అన్నారు. టెండరుకిచ్చే నాలుగు వారాల్లో ప్రతి కాంట్రాక్టరూ సొంత ఇంజనీర్లని పెట్టి ప్లానంతా తిరిగి పరీక్షించుకోవాలన్నమాట. పోటీలో పదిమంది ఉంటే పదిమందీ. అందులో తొమ్మిదిమందికి పని రాదు, ఆ ఖర్చు గంగలో (సారీ, థేమ్స్‌లో) కలిసినట్టే. లార్డులకి ఈ లెక్క తట్టలేదో, తట్టినా పట్టలేదో. తర్వాత 1892లో యార్క్ ఊళ్ళో మురుగు కాలవ పనిలో బాటమ్స్ అనే కాంట్రాక్టరుకి అనుకోని మెత్తటి నేల తగిలింది. ఆయనకీ ఇదే గతి. ఇంగ్లీషు చట్టం మన భాషలో చెప్పాలంటే "దిగినవాడికే లోతు" అంది.

ఇప్పుడు అట్లాంటిక్ దాటుదాం. ఈ కథలో అసలు రసం అక్కడుంది. అదీ ఒకే ఊళ్ళో, ఒకే నేవీ యార్డులో.

న్యూయార్కులో బ్రూక్లిన్ నేవీ యార్డు. అక్కడ ఓడల మరమ్మతుకి డ్రై డాకులు కడుతున్నారు. విశాఖ షిప్‌యార్డు చూసినవాళ్ళకి డ్రై డాకంటే చెప్పక్కర్లేదు. మిగతావాళ్ళకి: ఒడ్డున ఒక పేద్ద గొయ్యి. ఓడ లోపలికొచ్చాక గేటు మూసి నీళ్ళు తోడేస్తారు. ఓడ అడుగు బయటపడుతుంది. గొయ్యి అన్నాం కాబట్టి తవ్వాలి, తవ్వితే నేల అడుగున ఏదో ఒకటి బయటపడుతుంది.

మొదటి కథ సింప్సన్‌ది. డాకు కట్టడానికి ఒప్పుకున్నాక తవ్వుతుంటే ఊబి ఇసుక తగిలింది. ఖర్చు విపరీతంగా పెరిగింది. ఇక్కడ నేల గట్టిదని మీ పరీక్షల పటం చూసే కదా నేను ధర చెప్పింది అన్నాడు. ఒప్పందంలో ఆ హామీ ఏ వాక్యంలో ఉందో చూపించమంది అమెరికా సుప్రీంకోర్టు, 1899లో. చూపించలేకపోయాడు. ఇంటికి పొమ్మన్నారు. అంటే అచ్చం లండను తీర్పే.

రెండో కథ జార్జ్ స్పియరిన్‌ది. అదే యార్డు, ఇంకో డాకు. 1905 ఫిబ్రవరిలో ఒప్పందం, మొత్తం 7,57,800 డాలర్లు. డాకు రావాల్సిన చోట అడ్డంగా ఆరడుగుల ఇటుక మురుగు కాలవ ఒకటి పోతోంది. పని మొదలెట్టేముందు దాన్ని పక్కకి మళ్ళించాలి. ఎటు మళ్ళించాలో, ఎంత సైజులో కట్టాలో, ఏం సామాను వాడాలో అన్నీ ప్రభుత్వం ఇచ్చిన డ్రాయింగుల్లోనే ఉన్నాయి. స్పియరిన్ తు.చ. తప్పకుండా అలాగే కట్టాడు. అధికారులు చూసి బాగుందన్నారు.

ఏడాది గడిచింది. ఒకరోజు కుండపోత వాన. అదే సమయానికి సముద్రపు పోటు. కాలవలో నీళ్ళు వెనక్కి తన్ని, కొత్తగా కట్టిన భాగం నాలుగైదు చోట్ల పగిలింది. తవ్విన గొయ్యంతా మునిగిపోయింది.

ఎందుకు పగిలిందని ఆరా తీస్తే బయటపడింది ఇదీ. ఆ ఆరడుగుల కాలవకి దగ్గర్లోనే, దాంతో కలిసే ఏడడుగుల కాలవ ఇంకోటుంది. దాని లోపల ఎవరో ఎప్పుడో ఐదు, ఐదున్నర అడుగుల ఎత్తున ఒక అడ్డుకట్ట కట్టి ఉంచారు. పెద్ద కాలవలో పోవాల్సిన నీళ్ళు ఆ కట్ట వల్ల చిన్నదాంట్లోకి మళ్ళుతున్నాయి. ఈ కట్ట ఏ డ్రాయింగులోనూ లేదు. నగరపాలక సంస్థ పటంలోనూ లేదు, నేవీ వాళ్ళ పటంలోనూ లేదు. కాంట్రాక్టిచ్చిన అధికారులకీ తెలియదు. (ఎవరో వదిలేసిన ట్రిగ్గరు అని ఇందాక చెప్పానే, అది చదివినప్పుడు నాకు ఈ కట్టే గుర్తొస్తుంది.) అయితే ఆ కాలవలు అప్పుడప్పుడూ పొంగుతాయన్న సంగతి మాత్రం అధికారులకి తెలుసు. స్పియరిన్‌కి చెప్పలేదు. స్పియరిన్ కూడా పైపైన సైటు చూసుకున్నాడు, ఆఫీసుకెళ్ళి వివరాలడిగాడు, అంతేగానీ కాలవ లోపలికి దిగి చూడలేదు.

పగిలిన కాలవ బాగు చెయ్యడానికి ఎంతవుతుందో అంచనా వేశారు. 3,875 డాలర్లు. ఏడున్నర లక్షల పనిలో ఇది అర శాతం.

ఇక్కడే నాకు నచ్చే సంగతుంది. స్పియరిన్ ఆ మూడు వేల చిల్లర పెట్టుకుని పని సాగించి ఉండొచ్చు. మనలో చాలామందిమి అదే చేస్తాం, "పోన్లే, క్లయింటుతో గొడవెందుకు" అని. ఆయన ఒప్పుకోలేదు. ఈ కాలవ ఇలాగే ఉంటే మళ్ళీ పగులుతుంది, మా పనివాళ్ళకి ప్రమాదం, మీరు దీన్ని సరిచేయండి, లేదా జరిగే నష్టానికి మీరు బాధ్యత తీసుకోండి, అప్పటిదాకా పని చెయ్యను అని రాసి పంపించాడు. ప్రభుత్వం ఒప్పుకోలేదు. సైటు చూసుకోవడం, ప్లాన్లు సరిచూసుకోవడం, పని అప్పగించేదాకా బాధ్యత అన్నీ నీవేనని ఒప్పందంలో ఉంది చూసుకో అంది. పదిహేను నెలలు ఉత్తరాలు నడిచాయి. చివరికి నేవీ కార్యదర్శి కాంట్రాక్టు రద్దు చేసి, స్పియరిన్ సామగ్రిని స్వాధీనం చేసుకున్నాడు. ఆ తర్వాత డిజైను బాగా మార్చి, పెంచి, ప్రభుత్వం వేరేవాళ్ళతో ఆ డాకు పూర్తిచేయించింది. ఊబి ఇసుకతో ఆ పనీ సుఖంగా సాగలేదు. ప్రమాదాల్లో కూలీలు చనిపోయారు. జనం ఆ డాకుకి "శాపగ్రస్త డాకు" అనే అర్థం వచ్చే ముద్దుపేరు కూడా పెట్టుకున్నారు.

స్పియరిన్ కోర్టుకెళ్ళాడు. సుప్రీంకోర్టు తీర్పు 1918 డిసెంబరులో వచ్చింది. రాసింది జస్టిస్ బ్రాండైస్. ఈ తీర్పు చదవడానికి పావుగంట చాలు (మన కోర్టుల తీర్పులతో పోల్చుకోకండి). ముందుగా పాత సూత్రాన్నే ఒప్పుకుంటాడాయన: ఒకడు ఒక పనిని ఇంత ధరకి చేస్తానన్నాక, అనుకోని కష్టాలొచ్చాయని ఎక్కువ అడగడానికి లేదు. అంతదాకా సింప్సన్ తీర్పే. ఆ తర్వాత మలుపు. కానీ ఎలా కట్టాలో యజమానే డ్రాయింగు గీసి ఇచ్చి, కాంట్రాక్టరు దాని ప్రకారమే కట్టి ఉంటే, ఆ డ్రాయింగులోని లోపాలకి కాంట్రాక్టరు బాధ్యుడు కాడు. ఇలా కడితే సరిపోతుందని చెప్పడమే ఒక హామీ. "సైటు చూసుకో, ప్లాన్లు సరిచూసుకో" అని సాధారణంగా రాసే వాక్యాలు ఆ హామీని చెరిపెయ్యలేవు.

సొమ్ము లెక్క కూడా చూడండి, నాకు లెక్కలంటే సరదా. స్పియరిన్ అప్పటిదాకా పెట్టిన ఖర్చు 2,10,939.18 డాలర్లు. ప్రభుత్వం ఇచ్చింది 1,29,758.32. తేడా 81,180.86. దానికి, పని పూర్తిచేస్తే వచ్చి ఉండే లాభం కింద ఇంకో 60,000. మొత్తం 1,41,180.86 డాలర్లు ప్రభుత్వం కట్టాల్సి వచ్చింది. 3,875 డాలర్ల దగ్గర తెగని బేరం ఇది.

స్పియరిన్ గెలవడానికి ఒక్క బ్రాండైస్ తెలివే కారణం కాదు. మధ్యలో ఇంకో రెండు కేసులు దారి వేశాయి. 1914లో హోలర్‌బాక్ కేసు. కెంటకీ రాష్ట్రంలో గ్రీన్ నది మీద ఒక డ్యాము మరమ్మతు. డ్యాము వెనక రాళ్ళ ముక్కలు, రంపపు పొట్టు, ఒండ్రు నిండి ఉన్నాయని స్పెసిఫికేషన్లో స్పష్టంగా రాశారు. తవ్వితే దొరికింది గట్టి దుంగలతో కట్టి రాళ్ళతో నింపిన గూడు. రంపపు పొట్టు తవ్వే ధరకి దుంగలు తవ్వమంటే ఎలా? సైటు చూసుకోవడం నీ బాధ్యత అనే వాక్యం ఆ కాగితంలోనూ ఉంది. అయినా, ప్రభుత్వం ఖరాఖండీగా ఒక మాట చెప్పాక దాన్ని నమ్మే హక్కు కాంట్రాక్టరుకుందని కోర్టు అంది.

రెండోది 1915 నాటి క్రిస్టీ కేసు. ఇది టెస్టింగులో పనిచేసేవాళ్ళంతా చదవాలి. అలబామాలో బ్లాక్ వారియర్ నది మీద లాకులు, డ్యాములు కట్టాలి. ప్రభుత్వ ఇంజనీర్లు ముందుగా బోర్లు వేసి కింద ఏముందో పటం తయారుచేశారు. ఇసుక, గులకరాయి, బంకమట్టి. చక్కటి పటం. పని మొదలయ్యాక కింద మునిగిపోయిన చెట్ల మానులు గుట్టలుగా బయటపడ్డాయి. మరి బోర్లలో తగల్లేదా? తగిలాయి! డ్రిల్లు మానుకి తగిలి ఆగిపోయినప్పుడల్లా పక్కకి జరిపి మళ్ళీ వేశారు. దిగిన బోర్లే పటంలోకి ఎక్కించారు. ఫెయిలైన టెస్టులన్నీ రిపోర్టులోంచి తీసేసి "అన్నీ పాస్" అని పంపినట్టన్నమాట. మోసం చెయ్యాలనే ఉద్దేశం లేకపోవచ్చు. మాకు బంకమట్టి లోతు కావాలి, మాను తగిలితే ఆ కొలత రాదు, అందుకని జరిపాం, అంతే. నేను కూడా అలా జరిపిన రోజులున్నాయి. కోర్టు కాంట్రాక్టరు పక్షాన నిలబడింది.

ఇన్ని కేసులు ఓడిపోయాక, అప్పుడప్పుడు గెలిచినా మెజారిటీ కాంట్రాక్టర్లు ముందుగానే ధరల్లో భయం కలుపుకోవడం మొదలెట్టాక, అమెరికా ప్రభుత్వానికి ఒక సంగతి అర్థమైంది. నేలని బట్టి ధర చెప్పేవాడు భయపడి పాతిక శాతం ఎక్కువ వేస్తాడు. నేల బాగుంటే ఆ పాతిక వాడి జేబులోకి. భయపడనివాడు తక్కువ వేసి పని దక్కించుకుంటాడు, నేల బాగోకపోతే దివాలా తీస్తాడు, లేదా కోర్టుకెక్కుతాడు. ఎటు చూసినా ఖజానాకే బొక్క. 1920ల రెండో సగంలో కేంద్ర ప్రభుత్వ నిర్మాణ ఒప్పందాల నమూనాలో ఒక క్లాజు చేర్చారు. "మారిన పరిస్థితులు" అని పేరు. తర్వాతి కాలంలో పేరు మార్చి "భిన్నమైన సైటు పరిస్థితులు" అన్నారు. మొదటిదాంట్లో చిక్కుంది చూడండి, పరిస్థితులేవీ మారలేదు, అవి ముందునుంచీ అలాగే ఉన్నాయి, మారింది మన జ్ఞానం మాత్రమే. ఇలాంటి విషయాల్లో లాయర్లు ప్రోగ్రామర్లలాగే పేర్ల దగ్గర పట్టుదలగా ఉంటారు.

క్లాజు చెప్పేది సింపుల్. రెండు రకాలు. ఒకటి, ఒప్పంద పత్రాల్లో చూపించినదానికీ నేలలో ఉన్నదానికీ గట్టి తేడా ఉండటం. హోలర్‌బాక్ దుంగల్లాంటివి. రెండు, పత్రాల్లో ఏమీ చెప్పకపోయినా, ఇలాంటి పనుల్లో మామూలుగా ఎవరూ ఊహించని అసాధారణమైనది తగలడం. ఏది తగిలినా కాంట్రాక్టరు దాన్ని కదపకముందే యజమానికి రాతపూర్వకంగా చెప్పాలి. యజమాని వచ్చి చూడాలి. నిజమేనని తేలితే ధరా, గడువూ న్యాయంగా సర్దాలి. ఇందులో చాలామంది గమనించనిది, సర్దుబాటు రెండు వైపులా ఉంటుంది. బండ ఉంటుందనుకున్న చోట మెత్తటి మట్టి వస్తే ధర తగ్గించొచ్చు కూడా.

"కదపకముందే" అన్న ఒక్క మాట చాలా తెలివైనది. తవ్విపారేశాక పెద్ద బండ ఉండిందండీ అంటే ఎవరు నమ్ముతారు? మనం లాగ్ ఫైళ్ళు చెరిపేసి బగ్ ఉండిందని చెప్పినట్టు ఉంటుంది. నిజమైన నష్టం ఉన్నవాళ్ళు కూడా ఆ నోటీసు వేళకి ఇవ్వక ఓడిపోయిన కేసులు బోలెడు.

1970లో అమెరికా క్లెయిమ్స్ కోర్టు ఒక తీర్పులో ఈ క్లాజు ఎందుకుందో వివరించింది. టెండరు వెయ్యడంలోంచి జూదం తీసెయ్యడానికట. కాంట్రాక్టరు తన ధరలో "ఏమో" అనే పద్దు పెట్టక్కర్లేదు, ప్రభుత్వం కూడా నిజంగా కష్టం వచ్చినప్పుడే డబ్బు పెడుతుంది. మా నాన్న బోరు లెక్క ఇంతకన్నా భిన్నమేం కాదు. అడుక్కి ఇంత, కేసింగు వేరే. తెలియనిదాన్ని తెలిసినట్టు నటించి ఒకే అంకె చెప్పమని ఏజెంటుని బలవంతపెట్టలేదు. వాడు చెప్పి ఉంటే ఆ అంకె మేము భరించలేనంత ఉండేది.

ఇంగ్లండు కూడా పాత తీర్పులు పట్టుకు కూర్చోలేదు. 1945లో అక్కడి సివిల్ ఇంజనీర్ల సంస్థ నమూనా ఒప్పందంలో 12వ క్లాజు వచ్చింది. అనుభవమున్న కాంట్రాక్టరు సహేతుకంగా ముందే ఊహించలేని అడ్డంకి వస్తే అదనపు సొమ్ము. 1957లో వచ్చిన ఫిడిక్ అంతర్జాతీయ ఒప్పందానికి మూలం ఈ కుటుంబమే. ప్రపంచబ్యాంకు అప్పుతో జరిగే పనుల ద్వారా ఫిడిక్ మన దేశంలోకీ వచ్చింది. 1999 ఎర్ర పుస్తకంలో అది 4.12 క్లాజు. సివిల్ వాళ్ళ దగ్గర "ఫోర్ ట్వెల్వ్" అనండి, ముఖం వెలుగుతుంది లేదా మాడుతుంది, వాళ్ళు ఏ పక్షం అనేదాన్ని బట్టి.

అయితే "ఊహించలేని" అన్నది జారుడుబండ. జిబ్రాల్టర్ విమానాశ్రయం రన్‌వే చివర కింద నుంచి ఒక రోడ్డు సొరంగం. 2008 చివర్లో ఒప్పందం, ధర సుమారు 3 కోట్ల పౌండ్లు. ఒక స్పెయిన్ సంస్థకి పని. తవ్వితే కలుషితమైన మట్టి వచ్చింది, మేం అనుకున్నదానికంటే చాలా ఎక్కువ అంది ఆ సంస్థ. 2011లో కాంట్రాక్టు రద్దయింది. 2014లో లండను కోర్టు ఆ సంస్థ వాదన కొట్టేసింది. వందల ఏళ్ళ సైనిక చరిత్ర ఉన్న చోట మట్టి కలుషితమై ఉంటుందని అనుభవజ్ఞుడికి తట్టొద్దా అని. మీకిచ్చిన రిపోర్టులో అంకె చూసి గుడ్డిగా నమ్మడం కాదు, బుర్ర కూడా వాడాలి అన్నమాట. నాకు ఈ తీర్పు కొంచెం చేదుగానే ఉంటుంది గానీ కాదనలేను. మా డేటా ప్రాజెక్టులో కూడా, ఇరవై ఏళ్ళ సిస్టంలో డేటా శుభ్రంగా ఉందంటే మేమెలా నమ్మాం?

మన దేశంలో ఈ క్లాజు ఒప్పందంలో లేకపోతే? 1872 కాంట్రాక్టు చట్టంలో 56వ సెక్షను ఉంది గానీ అది పని అసాధ్యమైనప్పుడు. కష్టమైనప్పుడు కాదు. 1960లో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చిన అలోపీ పర్షాద్ కేసు ఏ డ్యాము గురించో కాదు, రెండో ప్రపంచయుద్ధంలో సైన్యానికి నెయ్యి కొనిపెట్టే ఏజెంట్లది! యుద్ధం వల్ల పరిస్థితి తారుమారైంది, ఎక్కువివ్వండి అన్నారు. ఒప్పందం భారమైనంత మాత్రాన కోర్టు దాన్ని తిరగరాయదు అన్నారు. కనుక మన దగ్గర అంతా కాగితంలో ఏం రాసుకున్నామన్నదాని మీదే ఉంటుంది.

ఇక్కడికొచ్చేసరికి మా జిల్లా కథ చెప్పక తప్పదు. నేను నల్లగొండవాణ్ణి.

1999లో ఫిడిక్ ఎర్ర పుస్తకంతో పాటు వెండి పుస్తకం కూడా తెచ్చింది. డిజైనూ, సామానూ, నిర్మాణమూ అంతా కాంట్రాక్టరుదే, ఒకే ధర, నేలలో ఏమున్నా అతని ఖాతానే. ఈపీసీ అంటారు. అప్పులిచ్చే బ్యాంకులకి ఇది ఇష్టం, అంకె మారదు కదా. ఆ పుస్తకం ముందుమాటలోనే ఒక హెచ్చరిక ఉంది: భూగర్భ పని ఎక్కువగా ఉన్నచోటా, బిడ్డర్లకి పరిశీలించుకునే సమయం లేనిచోటా దీన్ని వాడొద్దని. రాసినవాళ్ళే చెప్పిన మాట. 2004 తర్వాత ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో జలయజ్ఞం పనులకి ఈపీసీ పద్ధతినే విరివిగా వాడారు (వెండి పుస్తకం యథాతథంగా కాదు, ఆ ఆలోచన). అందులో ఒకటి శ్రీశైలం ఎడమగట్టు కాలువ సొరంగం, ఎస్సెల్బీసీ. శ్రీశైలం జలాశయం నుంచి 30 టీఎంసీలు పంపుల్లేకుండా నల్లగొండకి తేవాలి. ఫ్లోరైడు నీళ్ళు తాగి పళ్ళు గారపట్టి, నడుములు వంగిన ఊళ్ళకి ఆ నీళ్ళు. దాదాపు 44 కిలోమీటర్ల సొరంగం. 2005లో ఒప్పందం, 1,925 కోట్లు, ఐదేళ్ళ గడువు. రెండు చివర్ల నుంచీ రెండు టన్నెల్ బోరింగ్ యంత్రాలు.

పైన పులుల అభయారణ్యం. మధ్యలో ఎక్కడా దిగడానికి పక్కదారులు తవ్వే వీలు లేదు. రెండు కొసల నుంచే వెళ్ళాలి. మీద వందల మీటర్ల కొండ. లోపల ఏ రాయి ఎక్కడ నలిగి ఉందో, నీళ్ళు ఎక్కడ నిలిచి ఉన్నాయో యంత్రం ముందుకెళ్ళినప్పుడే తెలిసేది. 2009 అక్టోబరు కృష్ణా వరదల్లో శ్రీశైలం వైపు సొరంగమూ, యంత్రమూ మునిగిపోయాయి. ఆ తర్వాత ఊట నీళ్ళు, యంత్రం రిపేర్లు, డబ్బు తగాదాలు, గడువు పొడిగింపులు. ఐదేళ్ళ పని ఇరవై ఏళ్ళకీ కాలేదు.

2025 ఫిబ్రవరి 22 పొద్దున, శ్రీశైలం వైపు నుంచి దాదాపు 14వ కిలోమీటరు దగ్గర పైకప్పు కూలింది. నీళ్ళూ, బురదా, రాళ్ళూ ఒక్కసారిగా వచ్చిపడ్డాయి. లోపలున్న చాలామంది బయటపడ్డారు. ఎనిమిది మంది రాలేకపోయారు. ఇద్దరు ఇంజనీర్లు, ఇద్దరు ఆపరేటర్లు, నలుగురు కూలీలు. అందరూ ఎక్కడెక్కడి రాష్ట్రాల నుంచో వచ్చినవాళ్ళు. వారాల తరబడి వెతికితే రెండు శవాలు దొరికాయి.

తప్పెవరిదన్నది నేను కూర్చుని తేల్చేది కాదు. ఒక్క క్లాజు మార్చి రాసుకుని ఉంటే ఆ ఎనిమిది మంది బతికేవారని కూడా అనను. కానీ కాంట్రాక్టులో నేల ఎవరి ఖాతాలో ఉందన్న ప్రశ్నకి లోపల దిగేవాడితో సంబంధం ఉంది. స్పియరిన్ పని ఆపగలిగాడు. ముందుకెళ్ళడం ప్రమాదం, మీరు చూడండి అని ఉత్తరం రాశాడు, సొమ్ము పణంగా పెట్టి. ఆగితే ఆ ఖర్చంతా నీదే అని రాసిన ఒప్పందంలో, అప్పటికే నష్టంలో ఉన్న పనిలో, ఆగమని చెప్పేవాడికి నోరు ఎంత పెగులుతుంది? సొరంగాల వాళ్ళు ఈ విషయం మీద చాలా ఏళ్ళుగా మొత్తుకుంటున్నారు. 1974లోనే అమెరికా సొరంగ నిపుణుల సంఘం ఒకటి భూగర్భ పనుల కాంట్రాక్టులు ఎలా ఉండాలో నివేదిక ఇచ్చింది. ప్రభుత్వం దగ్గరున్న నేల సమాచారమంతా దాచకుండా ఇవ్వమంది. ఆ తర్వాత బేస్‌లైన్ రిపోర్టు అనే పద్ధతి వచ్చింది. నేల ఇలా ఉంటుందని ఒక గీత గీసుకుందాం. గీతకి ఇవతల కాంట్రాక్టరుది, అవతల యజమానిది. గీత నిజమా కాదా అన్న వాదన లేదు, అది ఒప్పుకున్న గీత, అంతే. 2019లో ఫిడిక్ సొరంగాల కోసమే పచ్చ పుస్తకం తెచ్చింది, ఈ గీత ఆధారంగా. ఎస్సెల్బీసీ ఒప్పందానికి పద్నాలుగేళ్ళు ఆలస్యం.

మా నాన్నకి ఈ పుస్తకాల రంగులు తెలియవు. సొరంగం కూలిన వార్త టీవీలో వస్తుంటే సౌండు తగ్గించి, "ముందుగాల బోర్లు ఏసి సూసిన్రా?" అని అడిగాడు. పైన అడవి నాన్నా, వేయనివ్వరు అన్నాను. "మరి ధర ఎట్ల చెప్పిన్రు?" అన్నాడు.

2025 నవంబరులో మిగిలిన తొమ్మిదిన్నర కిలోమీటర్ల మీద సర్వే మొదలైంది. హైదరాబాదు ఎన్‌జీఆర్‌ఐ వాళ్ళు, అడవిలో కాలు పెట్టకుండా, హెలికాప్టరుకి ఒక పెద్ద తీగ చట్రం వేలాడదీసి కొండల మీద తిప్పుతూ, కింద రాయి ఎక్కడ గట్టిదో, ఎక్కడ నీళ్ళున్నాయో విద్యుదయస్కాంత తరంగాలతో చూశారు. ఆ వీడియో ఫోన్లో చూపించాను. రెండుసార్లు చూసి, మన చేను మీదుగా కూడా ఒకసారి తిప్పమను అన్నాడు.